పాత వీడియోలో ఉన్నవాడు పాత్రధారా?

సందేహం: అమెరికా ఇంధన కంపెనీ ఎన్రాన్ పతనంపై 2005లో వచ్చిన డాక్యుమెంటరీని తెలుగులో పరిచయం చేస్తున్నాను. కంపెనీ పెద్దలు కెన్నెత్ లే, జెఫ్రీ స్కిల్లింగ్ అందులో పాత వీడియోల్లోనే కనిపిస్తారు. వీళ్లను 'నటీనటులు' కింద వేయాలా, 'పాత్రధారులు' అనాలా?

సమాధానం: 'నటీనటులు' వద్దే వద్దు, దానికి చర్చ అనవసరం. 'పాత్రధారులు' దగ్గర మాత్రం కాస్త ఆగాలి. 'పాత్ర' అల్లాటప్పా మాట కాదు.

'పా' ధాతువుకు తాగడం ఒక అర్థం. తాగడానికి పనికొచ్చేది కనుక గిన్నె పాత్ర అయింది. పోసినదాన్ని నిలుపుకోగల మనిషి పాత్రుడయ్యాడు. 'యోగ్యభాజనయోః పాత్రమ్' అని అమరకోశ నిఘంటువులో అమరసింహుడు రెండింటినీ ఒక్క ముక్కలో తేల్చేశాడు. కాకతీయ సేనాని జాయప 'నృత్తరత్నావళి'లో నర్తకినే పాత్ర అన్నాడు. అంటే పాత్ర వేషం కాదు, ఆ వేషానికి తగిన మనిషి. కూచిపూడివారి పాత్ర ప్రవేశమే చూడండి. సత్యభామ ముందు తెర మీద జడ వేస్తుంది. ఆ తర్వాత 'భామనే సత్యభామనే' అనే ప్రవేశ దరువు (రంగం మీదికి వస్తూ పాడే పాట) అందుకుని తానెవరో, తన గొప్పేమిటో తనే చెప్పుకుంటూ వస్తుంది.

పాత వీడియోలో మనిషికి ఆ ప్రవేశ దరువు ఏదీ? ఉద్యోగుల సభలో లే ఒక ప్రశ్న చదువుతాడు. 'మీరేమైనా మత్తుమందు తీసుకుంటున్నారా?' అని ఉంటుంది అందులో. ఆయన చదివింది ఆ హాల్లో కూర్చున్నవాళ్ల కోసం. ఆ ముక్కను కత్తిరించి మన ముందు పెట్టినవాడు దర్శకుడు. అలాంటివాణ్ణి పాత్రధారి అంటే నాకు మింగుడుపడదు. పైగా 'కుంభకోణంలో ఆయన పాత్ర' అని రోజూ రాస్తున్నాం (ఆ ఊరివాళ్లు ఏం పాపం చేశారో!). పాత్రధారి అనగానే తీర్పు కూడా ఇచ్చేసినట్టు ఉంటుంది.

తీర్పంటే గుర్తొచ్చింది. నిందితుడు, దోషి ఒకటి కాదని మన వార్తలు రాసేవాళ్లకు ఎన్నిసార్లు చెప్పాలి? ఆ సినిమా వచ్చేనాటికి ఇద్దరూ నిందితులే. 2006 మే నెలలో జ్యూరీ దోషులని తేల్చింది. శిక్ష ఖరారు కాకముందే జులైలో లే చనిపోవడంతో, ఆయన విషయంలో ఆ నిర్ణయాన్ని కోర్టు రద్దు చేసింది. కనుక లే పేరు ముందు 'దోషి' అని తగిలించకండి.

స్కిల్లింగ్‌తోనే వచ్చింది పేచీ. ఆఫీసు వేడుక కోసం తీసిన ఒక సరదా స్కిట్ కూడా ఆ డాక్యుమెంటరీలో ఉంది. భవిష్యత్తు విలువను ఊహించి, దాన్నే లెక్కల్లో చూపిస్తే లాభాలు అమాంతం పెరుగుతాయని తన వేషం తనే వేసుకుని జోకులేస్తాడు. ఆ ముక్క వరకు ఆయన అచ్చమైన పాత్రధారి! కాదనడానికి నాకు నోరు రావడం లేదు.

మొత్తానికి 'పాత దృశ్యాల్లో కనిపించేవారు' అని వేయండి. పొడుగనిపిస్తే పేరు పక్కన 'ఫైల్' అని పెట్టండి, పత్రికలకు అలవాటైన మాటే. 'ఆర్కైవ్ ఫుటేజ్' అన్నా నేను కోప్పడను. 'భాండాగార చిత్రఖండము' అని ఎవరైనా సలహా ఇస్తే మాత్రం వినకండి.