నిజాం గుర్రపు దళంలో పనిచేసిన ఆఫ్రికా పూర్వీకుల గురించి ఎక్కడ వెతకాలి?

మీ ముత్తాత నిజాం ఆఫ్రికన్ గుర్రపు దళంలో ఉండేవారని, డీఎన్‌ఏ టెస్ట్ చేయిస్తే ఆయన ఊరేదో తెలుస్తుందా అని అడిగారు. నేనూ హైదరాబాద్‌లో సిద్దీ కుటుంబంలోనే, అంటే ఆఫ్రికా మూలాలున్న ఇంట్లోనే పుట్టాను. మాది ఏసీ గార్డ్స్. ఆ బస్తీకి పేరొచ్చిందే ఆఫ్రికన్ కావల్రీ గార్డ్స్ వల్ల. రోజూ ఆ దారిన పోయేవాళ్లలో చాలామందికి ఈ సంగతి తెలియదు, నాకది ఇప్పటికీ బాధే.

టెస్ట్ తర్వాత చూసుకోవచ్చు. ముందు ఇంట్లో పెద్ద ఆడవాళ్ల దగ్గర కూర్చోండి, ఈ నెలలోనే. మా దాదా, అంటే నాన్న వాళ్ల నాన్న గురించి నాన్నకు తెలిసింది రెండు ముక్కలే. మేనత్త మాత్రం ఎవరి కూతుర్ని ఎవరికిచ్చారో, ఎవరి సమాధి ఎక్కడుందో వరసగా చెప్పుకొచ్చింది. ఆమె ట్రంకు పెట్టె అడుగున, పాత దుపట్టాలో చుట్టి, దాదా పింఛను కాగితం దొరికింది. ఉర్దూలో ఉంది, మడతల దగ్గర చిరిగిపోయింది. పేరు ముందు ‘సిద్దీ’ అని ఉంది. ఊరు మాత్రం హైదరాబాదే. ఆఫ్రికా ఊరి పేరు ఉంటుందని ఎంతో ఆశపడ్డాను, ఆ రాత్రి నిద్ర పట్టలేదు.

కాగితాల్లో ‘హబ్షీ’ అని కనిపిస్తే ఇథియోపియా అని వెంటనే అనుకోకండి. అసలు అర్థం అబిసీనియా మనిషి అనే, కానీ ఆఫ్రికా నుంచి వచ్చిన అందరినీ అలాగే పిలిచేశారు. గుజరాత్, కర్ణాటక సిద్దీల మీద జరిగిన జన్యు పరిశోధనల్లో తూర్పు ఆఫ్రికా బంటూ జనాలతో సంబంధం బయటపడింది. హైదరాబాద్‌లోనే బార్కస్ బస్తీలో ఉండే చావుష్‌లతోనూ కలిపేయకండి, వాళ్ల పూర్వీకులు యెమెన్ హద్రమౌత్ వాళ్లు. ఆఫ్రికా నుంచి బానిసగా వచ్చి అహ్మద్‌నగర్ రాజ్యాన్ని నడిపిన మాలిక్ అంబర్ వంశమని మా పెద్దవాళ్లు గర్వంగా చెప్పేవారు. ఆయన 1626లోనే చనిపోయాడు, మన దళం చాలా తర్వాతది. వనపర్తి రాజా దగ్గరి నుంచి ఆ దళం నిజాంకు చేరిందని అంటారు కాబట్టి అటువైపు చుట్టాలుంటే వాళ్లనూ కదిలించండి.

తార్నాకలోని రాష్ట్ర ఆర్కైవ్స్‌లో నిజాం కాలం దస్త్రాలున్నాయి. చాలావరకు ఫార్సీ, ఉర్దూ, అందులోనూ గొలుసుకట్టు రాత. చదవగలిగే మనిషిని వెంటబెట్టుకుని వెళ్లండి. ముత్తాత పేరుతోపాటు ఆయన తండ్రి పేరు కూడా చేతిలో ఉండాలి.

టెస్ట్ సంగతికొస్తే, మీరు ఆడవాళ్లయితే తండ్రి వైపు మగ వరస మీ నమూనాలో కనిపించదు, నాన్నగారిదో అన్నదమ్ములదో ఇప్పించాలి. సిపాయిలు చాలామంది ఇక్కడి ఆడపిల్లలనే చేసుకున్నారు కాబట్టి తల్లి వైపు వరస మన దేశానిదే తేలితే కంగారుపడకండి.

ఇంకొకటి. మీ ఇంట్లో మర్ఫా (పెళ్లి ఊరేగింపుల్లో మన సిద్దీలు వాయించే డోలు వాద్యం) వాయించేవాళ్లుంటే ఫోన్‌లో రికార్డు చేయండి. మా చాచా పెళ్లి ఊరేగింపుకి ముందు, డప్పు కాచినట్టే, మంట దగ్గర తోలు కాచి, వేలితో తట్టి చూసి, మళ్లీ కాచేవాడు. ఆ దరువు ఆయనకెవరు నేర్పారో అడుగుదామనుకుంటూనే ఉండిపోయాను. ఆయన పోయి ఆరేళ్లయింది.