ఇల్లు కదలని చిత్రకారుడు, నా కొత్తిమీర కుండీ

చంటిపిల్లతో ఇల్లు కదలలేకపోతున్నాను, బొమ్మలు వేయడానికి కొత్త విషయాలు ఎక్కడ దొరుకుతాయి అని అడిగారు. టోక్యోలో ఉన్న మూడేళ్లూ నాదీ ఇదే బాధ. మావారి ఉద్యోగం కోసం వెళ్లాం. భాష రాదు, పాపకు ఏడాది కూడా నిండలేదు. రంగులు తీసి పెట్టుకోవడం, మళ్లీ సర్దేయడం, అంతే.

ఒకరోజు పాపను స్ట్రోలర్‌లో కూర్చోబెట్టి, కనామెచో స్టేషన్ నుంచి నడుచుకుంటూ, జపాన్ చిత్రకారుడు కుమగాయ్ మొరికాజు పేరు మీద ఉన్న మ్యూజియంకి వెళ్లాను. కాంక్రీట్ గోడ మీద చీమల బొమ్మలు చెక్కి ఉన్నాయి. పాప వాటిని వదిలి రానంది. ఆయన ఇల్లు ఉన్న చోటే అది. 1932లో అక్కడ చేరి, 1977లో 97 ఏళ్లకు చనిపోయేదాకా అక్కడే ఉన్నారు. 1956లో జబ్బు చేశాక దాదాపు గేటు దాటలేదు. 1967లో ప్రభుత్వం ఇవ్వబోయిన సంస్కృతి పురస్కారాన్ని కూడా వద్దన్నారు, ఇంటికి వచ్చే జనం ఇంకా ఎక్కువవుతారని.

పగలు తోటలో చాప వేసుకుని పడుకుని చీమల్ని చూసేవారు. చీమ ఎడమవైపు రెండో కాలితో నడక మొదలుపెడుతుందని చెప్పారంటే ఎంతసేపు చూసి ఉంటారో! భార్య హిదెకోతో గో (నల్ల, తెల్ల రాళ్లతో పలక మీద ఆడే ఆట), మధ్యాహ్నం నిద్ర, రాత్రి బొమ్మలు. పిల్లి, సీతాకోకచిలుక, వాన చినుకు, అన్నీ ఆ తోటలోవే.

అలాగని అదంతా హాయిగా గడిచిన జీవితం కాదు. ఐదుగురు పిల్లల్లో ముగ్గురు పోయారు. 1928లో చిన్న కొడుకు యో చనిపోయినప్పుడు వాడి గుర్తుగా ఏదీ మిగల్లేదని, ఆ శవం పక్కనే కూర్చుని బొమ్మ మొదలుపెట్టారు. కాసేపటికి, బిడ్డను మరిచి బొమ్మలో మునిగిపోతున్నానని తెలిసి అసహ్యం వేసి ఆపేశారు. ఆ బొమ్మ కురాషికిలోని ఒహారా మ్యూజియంలో ఉంది. పెద్ద కూతురు 1947లో పోయింది. ఆ అస్థికల పెట్టెతో శ్మశానం నుంచి తిరిగొస్తున్న ముగ్గురిని గీసిన బొమ్మ పూర్తవడానికి ఏళ్లు పట్టింది. అందులో ముఖాలకు కళ్లూ ముక్కూ లేవు. తల్లిని కదా, ఆ ఖాళీ ముఖాల దగ్గర చాలాసేపు నిలబడిపోయాను.

మీకు పనికొచ్చేది ఆయన పద్ధతి. చిన్న చెక్క పలకలు, చాలావరకు 33 సెంటీమీటర్లకు 24. ముందు వేసుకున్న స్కెచ్‌ను కార్బన్ పేపర్‌తో పలక మీదికి దించి, ఎర్ర గీత గీసి, ఆ గీతను వదిలి రెండువైపులా రంగు నింపేవారు. ఒకే స్కెచ్‌తో మళ్లీ మళ్లీ బొమ్మలు వేసేవారు. ఈ శైలి ఆయనకు స్థిరపడింది అరవై దాటాకే.

నేనూ కార్బన్ పేపర్ కొన్నాను. బాల్కనీలో కొత్తిమీర కుండీని ఒక్కసారి గీసుకుని, పాప పడుకున్నప్పుడల్లా అదే దించి రంగులు మార్చి చూశాను. మొదట్లో వేసినవన్నీ ఆకుపచ్చ ముద్దలే. పదకొండో దాంట్లో ఆకులు మానేసి, వాటి మధ్య సందుల్లో కనబడే వెలుతురుకు రంగు వేశాను.