మొదటి ముడి దగ్గరే కెమెరా ఆపు, బిడ్డా

బిడ్డా,

నువ్వు మన వరంగల్ ఆజంజాహి బట్టల మిల్లు పాత కార్మికుల మీద డాక్యుమెంటరీ తీస్తున్నావని మీ బాపు నిన్న రాత్రి ఫోన్ చేసి చెప్పాడు. సంతోషంతో నిద్ర పట్టలేదు, తెల్లారేసరికి టెన్షన్ పట్టుకుంది, అందుకే రాస్తున్నా.

మైకు కాలరుకు పెట్టు, ఫ్యాను ఆపించు, బ్యాటరీలు ఎక్కువ పెట్టుకో. ఇవన్నీ నీకు తెలిసినవే. మధ్యాహ్నం పూట మాత్రం ఎవరినీ మిల్లు జాగా దగ్గర ఎండలో నిలబెట్టకు. వాళ్లు వద్దని నోరు తెరిచి చెప్పరు, "ఏం గాదు బిడ్డా" అంటూ అట్లనే నిలబడతారు.

రిటైర్మెంట్ అనే మాట కూడా చూసి వాడు. 1934లో మొదలైన మిల్లు 2002లో మూతపడింది. సర్కారు టీచరైతే దండ వేయించుకుని, శాలువా కప్పించుకుని ఇంటికొస్తాడు. మిల్లు మూతపడ్డప్పుడు 40 ఏళ్లున్న మనిషికి దండ ఎవరేస్తారు? ఆటో తోలి, వాచ్‌మన్‌గా చేసి ముసలివాడవుతాడు. అందుకే "మిల్లు బంద్ అయినంక ఏం చేసిండ్రు తాతా" అని అడుగు.

ఇక నేను చేసిన తప్పు. పెళ్లి వీడియోలు తీసే రోజుల్లో, సాంచాల మీద, అంటే నేత మగ్గాల మీద పనిచేసిన ఒక పెద్దాయన గురించి చిన్న సినిమా తీశాను. తెగిన పోగుకు ముడి ఎట్లా వేసేవారో చూపించమన్నాను. రెండు కొసలు బొటనవేలి మీద అడ్డంగా పెట్టి, ఒక మెలిక తిప్పి లాగాడు. రెప్ప కొట్టేలోపు ముడి పడింది, వేలితో నిమిరితే తగలనంత చిన్నది. వెలుతురు బాగా లేదని మళ్లీ వేయమన్నాను. తర్వాత ఫోకస్ అన్నాను, తర్వాత ఇంకేదో. ఏడోసారికి వేళ్లు వణికి దారం జారిపోయింది. ఎడిటింగ్‌లో ఆ ఏడోదే పెట్టాను, దానికి ఏడుపు సంగీతం కూడా వేశాను. ముసలితనం అంటే అదేననుకున్నాను అప్పుడు. సీడీ వాళ్లింట్లోనే వేస్తే కోడలు, మనవలు అందరూ చూశారు. అయిపోయాక ఆయన చాలాసేపు తన చేతులు చూసుకుని, "ఫస్టుసారే పడ్డది గద బిడ్డా, అది ఏడ పాయె?" అన్నాడు. కోపంగా కూడా అనలేదు. ఆ మొదటి ముడి ఉన్న టేపు మీద అప్పటికే ఎవరిదో పెళ్లి ఎక్కించేశాను.

నువ్వు ఒక్క ముక్క కూడా చెరపకు. రెండు హార్డ్‌డిస్కుల్లో పెట్టు.

పింఛను సంగతి తప్పకుండా వస్తుంది. పీఎఫ్ పింఛను నెలకు కనీసం 1,000 రూపాయలని 2014లో పెట్టారు, అది మందులకే చాలదు. బతికే ఉన్నామని ఏటా లైఫ్ సర్టిఫికెట్ ఇవ్వాలి, అరిగిపోయిన వేలిముద్రలను మెషీన్ పట్టదు. ఎవరైనా ఆ తిప్పలు చెప్పుకుంటే కెమెరా పక్కన పెట్టు, ముఖం చూసి గుర్తుపట్టే యాప్ ఉంది కదా, ముందు నీ ఫోన్‌లో ఆ పని చేసిపెట్టు. సినిమా అయ్యాక కూడా మొదట చూడాల్సింది వాళ్లే, పోటీలకు తర్వాత పంపుకోవచ్చు.

ఆదివారం ఇంటికి రా, పెద్దమ్మ సర్వపిండి చేస్తానంది. వచ్చేటప్పుడు ఒక నూలు ఉండ తీసుకురా. ఆ సీడీ సంగతి తర్వాత ఆ పెద్దాయన దగ్గరే కూర్చుని ఆ ముడి నేర్చుకున్నాను, నీకు చూపిస్తా.

మీ పెద్దనాన్న