స్వాతికి, పడవ ఎక్కేముందు

చి.సౌ. స్వాతికి మీ అత్త ఆశీస్సులు.

మార్చిలో అమ్మానాన్నలను ఉత్తర నార్వేలోని ట్రోమ్సోకి తీసుకొస్తున్నానని, నార్తర్న్ లైట్స్, అదే ధ్రువకాంతులు, చూడడానికి సాయంత్రం పడవ బుక్ చేద్దామనుకుంటున్నానని రాశావు. చాలా సంతోషమే తల్లీ. ఓస్లో వచ్చేయక ముందు, ట్రోమ్సోలో ఉన్నన్నాళ్లూ ఏ చుట్టం వచ్చినా ఆ పడవ ఎక్కించే పని నాదే. ఫోన్లో చెబితే సగం గాలికి పోతుందని అన్నీ కూర్చుని రాస్తున్నాను.

మొట్టమొదట చెప్పాల్సింది కేపీ నంబర్ గురించి. సూర్యుడి వల్ల భూమి అయస్కాంత క్షేత్రం ఎంత కలవరపడుతుందో సున్నా నుంచి తొమ్మిది దాకా చెప్పే అంకె అది. అందరూ యాప్‌లో అదొక్కటే చూస్తారు. ఐదుంటే ఎగిరి గంతేస్తారు, ఒకటుంటే నీరుగారిపోతారు. లండన్‌లో ఉండి చూసేవాళ్లకు ఆ నంబర్ పెద్దది కావాలి గానీ, ట్రోమ్సోకి అంత అవసరం లేదు. ఆ ఊరు దాదాపు 70 డిగ్రీల ఉత్తర అక్షాంశంలో, ఆర్కిటిక్ వలయానికి 350 కిలోమీటర్లు పైన ఉంది. ధ్రువకాంతులు మామూలుగా వెలిగే పట్టీ సరిగ్గా దాని నెత్తిమీదుగా పోతుంది. కేపీ ఒకటీ రెండూ ఉన్న రాత్రుల్లో కూడా ఆకాశం నిండా ఆడిన కాంతులు నేను చూశాను. అక్కడ అడ్డుపడేది ఎప్పుడూ మేఘమే. అందుకని ముందు మేఘం చూడు, తర్వాత గాలి చూడు, కేపీ ఆఖర్న చూడు.

మేఘాల కోసం నార్వే వాతావరణ సంస్థ వాళ్ల యాప్ ఉంది, పేరు రెండే అక్షరాలు, వై, ఆర్. అందులో వివరాల్లోకి వెళ్తే కిందిమేఘం, మధ్యమేఘం, పైమేఘం ఎంతెంత శాతమో గంటగంటకీ ఉంటుంది. పైమేఘం పల్చగా ఉంటే ఫర్వాలేదు, కాంతులు గట్టిగా వస్తే దాంట్లోంచి కూడా కనిపిస్తాయి. కిందిమేఘం ఎనభై, తొంభై శాతం అని ఉంటే మాత్రం ఆ రాత్రి పడవ మీద ఆశ పెట్టుకోకు.

బస్సుకీ పడవకీ ఉన్న తేడా ఇక్కడే. బస్సు వాళ్లు ఆకాశం తేటగా ఉన్న చోటు వెతుక్కుంటూ వంద కిలోమీటర్లు దాటి వెళ్లిపోతారు. సముద్రం పక్క మబ్బుగా ఉంటే స్కిబోట్న్ లోయలోకి, అక్కడా లేకపోతే ఫిన్లాండ్ సరిహద్దు దాకా తీసుకెళ్తారు. పడవ మూడు నాలుగు గంటల్లో తిరిగి రావాలి కాబట్టి ఊరి చుట్టుపక్కల నీళ్లు దాటి పోలేదు. నెత్తిమీద మబ్బుంటే మబ్బే. మీకున్నది ఒక్క రాత్రే అయితే బస్సే ఎక్కమంటాను. కనీసం నాలుగు రాత్రులు పెట్టుకో. పడవ టికెట్ కూడా ముందురోజు దాకా మార్చుకోగలిగేదీ, రద్దు చేసుకోగలిగేదీ చూసి కొను, తేదీ వచ్చిన మొదటి రాత్రికో రెండో రాత్రికో పెట్టు. ఆకాశం బాగుండకపోతే వెనక్కి జరుపుకోవడానికి రాత్రులు మిగలాలి కదా.

మరి పడవెందుకు అంటావా? మీ నాన్న మోకాళ్లతో అర్ధరాత్రి బస్సు దిగి మంచులో గంటలు గంటలు నిలబడలేడు. పడవలో వెచ్చటి క్యాబిన్ ఉంటుంది, టాయిలెట్ ఉంటుంది, వేడి టీ ఉంటుంది. పైన ఏమైనా కనిపిస్తే పిలుస్తారు, అప్పుడు డెక్ మీదికి వెళ్లొచ్చు. ఒకవేళ కాంతులు రాకపోయినా ఆ ప్రయాణం వృథా కాదు. ట్రోమ్సో వంతెన, ఒడ్డున దీపాలతో వెలిగే ఆర్కిటిక్ కెథడ్రల్ చర్చి, మంచు కప్పిన కొండలు, క్వాలోయా దీవి నల్లటి అంచు, అన్నీ నీళ్ల మీంచి చూడడం వేరు. ఆ సముద్రం చలికాలంలో కూడా గడ్డకట్టదు, అట్లాంటిక్ నుంచి వచ్చే వెచ్చటి ప్రవాహం దాన్ని అలా ఉంచుతుంది. ఊరి చలి కూడా నువ్వు భయపడుతున్నంత కాదు, మార్చిలో సున్నాకి కాస్త అటూ ఇటూ, చల్లటి రోజైతే మైనస్ పది. కానీ నీళ్ల మీద కదులుతున్నప్పుడు గాలి తోడై అది ఎముకల్లోకి దిగుతుంది.

గాలి సంగతి మీ అమ్మ కోసం చెబుతున్నాను. తిరుమల ఘాట్ రోడ్డు ఎక్కేటప్పుడే వదినకు వాంతులవుతాయి, నాకు తెలుసు. ఫియోర్డుల్లో, అంటే కొండల మధ్యకు చొచ్చుకొచ్చిన సముద్రపు పాయల్లో, దీవులు అడ్డుండి అలలు తక్కువే గానీ, గాలి ఉన్న రోజు చిన్న పడవ బాగా ఊగుతుంది. అక్కడ గాలిని సెకనుకి మీటర్ల లెక్కన చెబుతారు. ఐదు లోపు హాయి. పది దాటితే వదినను ఎక్కించకు. బుక్ చేసేటప్పుడే రెండు పొట్టల పెద్ద పడవేనా, అదే క్యాటమరానేనా అని అడుగు, అది తక్కువ ఊగుతుంది. బ్యాటరీ మీద నడిచే పడవైతే మరీ మంచిది, ఇంజన్ చప్పుడూ డీజిల్ వాసనా ఉండవు. ఆ వాసనకి కడుపులో ఇంకా తిప్పుతుంది. ప్రయాణంలో వాంతులకు వేసుకునే మాత్ర ఎక్కడానికి ముందే వేయాలి, తిప్పడం మొదలయ్యాక వేస్తే లాభం లేదు. ఆ మాత్రలకు నిద్రమత్తు వస్తుంది. ఇద్దరూ బీపీ మందులు వాడుతున్నారు కాబట్టి ఇండియాలో బయల్దేరకముందే వాళ్ల డాక్టర్‌ని అడిగి తెచ్చుకోమను. ఖాళీ కడుపుతో ఎక్కొద్దు, కాస్త అన్నమో బ్రెడ్డో తినాలి. పడవలో కింది అంతస్తులో నడిమధ్య కూర్చోబెట్టు. పగలైతే దూరంగా సముద్రపు అంచు చూడమంటాం. రాత్రి అది కనపడదు, అందుకే చీకట్లో ఎక్కువ తిప్పుతుంది. ఒడ్డున కదలని దీపం ఏదైనా చూపించి దాన్నే చూస్తూ ఉండమను. ఫోన్ మాత్రం చూడనివ్వకు.

బట్టల దగ్గర వదినతో కాస్త గొడవ పడాల్సి వస్తుంది. చీర వద్దు. చాలా పడవల్లో డెక్ మీదికి వెళ్లేవాళ్లకు పైనుంచి కిందిదాకా ఒకే దుస్తుగా ఉండే మందపాటి సూట్ ఇస్తారు, చీర మీద అది ఎక్కదు. ఒంటికి ఆనుకుని ఉన్ని థర్మల్స్, దాని మీద ఫ్లీస్, పైన గాలి దూరని జాకెట్. కాటన్ బనియన్లు లోపల వేయొద్దు, చెమట పట్టిందంటే తడి ఆరదు, ఆ తడే చలి పుట్టిస్తుంది. సాక్సులు రెండు జతలు కుక్కితే బూటు బిగుసుకుని కాళ్లు ఇంకా మొద్దుబారతాయి. ఒక్క మందపాటి ఉన్ని సాక్సు, కాస్త వదులుగా ఉండే బూటు చాలు. జూకాలు హోటల్లో తీసి పెట్టమను, ఆ గాలికి లోహం చెవిని కోస్తున్నట్టుంటుంది.

అన్నింటికంటే నాకు టెన్షన్ హోటల్ నుంచి హార్బర్ దాకా ఉండే నడక గురించి. దూరం పది నిమిషాలే. మార్చిలో పగలు కరిగిన మంచు సాయంత్రానికి గాజులా గడ్డకడుతుంది. పైన కొత్త మంచు పొడి రాలితే అసలు కనపడదు. బూట్ల కింద తొడుక్కునే మేకుల పట్టీలు అక్కడ ఏ సూపర్‌మార్కెట్లో అయినా దొరుకుతాయి, బ్రొద్దర్ అని అడిగితే ఇస్తారు. దిగిన రోజే ముగ్గురికీ కొను. పడవలోకి అడుగు పెట్టేముందు అవి తీసేయాలి, లేకపోతే నేల గీతలు పడుతుంది, ఇనప మెట్ల మీద అవే జారతాయి. అన్నయ్య చెయ్యి పట్టుకో. వద్దంటాడు, అయినా పట్టుకో.

అన్నయ్యకు చెప్పడానికి ఒక విషయం. సూళ్లూరుపేట మేడ మీంచి రాకెట్లు చూస్తూ పెరిగినవాడు కదా, 2023 సెప్టెంబర్ 2న శ్రీహరికోట నుంచి వెళ్లిన మన ఉపగ్రహం ఆదిత్య-ఎల్1 గుర్తుండే ఉంటుంది. అది భూమికి 15 లక్షల కిలోమీటర్ల దూరంలో సూర్యుడి వైపు ఉండి సూర్యుణ్ణే చూస్తోంది. అమెరికా వాళ్ల ఉపగ్రహాలు కూడా అదే చోటి నుంచి, సూర్యుడు విసిరే కణాల గాలిని కొలుస్తాయి, ఈ కాంతులు పుట్టించేది ఆ గాలే. అక్కణ్ణుంచి ఆ గాలి మన దగ్గరికి రావడానికి అరగంట నుంచి గంట పడుతుంది. ఈ రాత్రి ఏం జరగబోతోందో కాస్త నమ్మకంగా చెప్పగలిగేది ఆ గంట ముందే. మూడు రోజుల ముందే చెప్పే కేపీని అందుకే ఆఖర్న పెట్టమన్నాను.

ఇక కాంతి ఎలా మొదలవుతుందో చెబుతాను, చాలామంది మొదటి పావుగంట పోగొట్టుకుంటారు. ఫోటోల్లో ఉన్నంత పచ్చగా వస్తుందని ఎదురుచూస్తారు. కంటికి మొదట కనిపించేది బూడిదరంగు పట్టీ, కొండల మీద అడ్డంగా. పల్చటి మబ్బనే అనుకుంటాం. దాని వెనక చుక్కలు కనిపిస్తున్నాయా చూడు, ఫోన్ ఎత్తి ఒక ఫోటో తీసి చూడు. ఫోటోలో పచ్చగా వస్తే అదే. అప్పుడే అమ్మానాన్నలను పైకి పిలువు. బలం పుంజుకుంటే కంటికే పచ్చగా కనిపిస్తుంది, మడతలు పడుతుంది, కింది అంచున గులాబీ రంగు పరుగెత్తుతుంది. ఆ పచ్చ నేల నుంచి వంద కిలోమీటర్ల పైన ఆక్సిజన్ ఇచ్చేది, ఆ గులాబీ నైట్రోజన్‌ది. రెండు వందల కిలోమీటర్లు దాటాక ఆక్సిజన్ ఎరుపు ఇస్తుంది. అంత ఎత్తున ఉంటుంది కాబట్టే 2024 మేలో పెద్ద సౌర తుఫాను వచ్చినప్పుడు లద్దాఖ్‌లోని హాన్లే నుంచి కూడా ఆ ఎరుపు కనిపించింది.

కళ్లు చీకటికి అలవాటు పడడానికి ఇరవై నిమిషాలన్నా కావాలి. క్యాబిన్ లైట్ల కిందికి వెళ్లొచ్చిన ప్రతిసారీ లెక్క మళ్లీ మొదటికి వస్తుంది. ఫోన్ వెలుతురు బాగా తగ్గించి పెట్టు, ఫ్లాష్ ఆపెయ్, పక్కవాళ్లు నీకు దండం పెడతారు. పడవ మీద ట్రైపాడ్ దండగ, నేలే కదులుతుంటే స్టాండ్ ఏం చేస్తుంది? నైట్ మోడ్‌లో రెండు మూడు సెకన్లు చాలు, మోచేతులు ఒంటికి ఆనించుకుని తియ్యి. రెయిలింగ్‌కి ఆనించకు, అది వణుకుతుంది. చలికి బ్యాటరీ చటుక్కున పడిపోతుంది, తీయనప్పుడు ఫోన్ లోపలి జేబులో పెట్టుకో. నాలుగు ఫోటోలు తీసి ఆపెయ్ స్వాతీ. అమ్మానాన్నల మధ్య నిలబడి చూడు.

మార్చి మొదటి సగంలోనే రండి. నెలాఖరుకి వెలుతురు రాత్రి ఎనిమిది దాటాక కూడా ఉంటుంది, ఏప్రిల్‌లో చీకటి కోసమే వెతుక్కోవాలి. నవంబర్ 27 నుంచి జనవరి 15 దాకా అక్కడ సూర్యుడే రాడు, పెద్దవాళ్లకు అది దిగులు పుట్టిస్తుంది, ఆ రోజులు మీకొద్దు.

తిరిగి హోటల్‌కి వచ్చేసరికి పదకొండవుతుంది. ఆ ఊళ్లో అప్పటికి వంటగదులు మూసేస్తారు, ముగ్గురికీ ఆకలి దంచేస్తుంటుంది. రూములో కెటిల్ ఉందా అని హోటల్‌ని ముందే అడుగు, వేడినీళ్లు పోస్తే అయ్యే ఉప్మా ప్యాకెట్లు బ్యాగులో వేసుకో. తేదీలు ఖాయమవగానే నాకు మెసేజ్ పెట్టు, ఆ వారం మేఘాలు నేను కూడా చూస్తుంటాను.

మీ అత్త