ఫ్రేవో: గొడుగు కన్నా ముందు మోకాళ్లు

ప్రశ్న: బ్రెజిల్ కార్నివాల్ నృత్యం ఫ్రేవోను వీడియోలు చూసి సాధన చేస్తున్నాను. తెజోరా (కత్తెర) అడుగులో తూలిపోతున్నాను, మోకాళ్లు లాగేస్తున్నాయి. తప్పెక్కడ?

జవాబు: బహుశా కాలు బిగబట్టి దిగుతున్నారు. ఫ్రేవోలో మోకాలు కాస్త వంగే ఉండాలి, లేకపోతే ఎగిరి దిగిన అదురంతా కీలుకే తగులుతుంది. కుడికాలిని ఎడమకాలి వెనక్కి అడ్డంగా వేసి మునివేళ్ల మీద నిలపండి. చిన్నగా ఎగిరి కాళ్లు విప్పండి. కుడి మడమ పక్కకు వెళ్లి నేలను తాకాలి, వేళ్లు పైకి లేవాలి. బరువు మాత్రం వంగిన ఎడమకాలి మునివేళ్ల మీదే. వెంటనే ఎడమకాలిని వెనక్కి వేసి అదే రెండోవైపు. చాచిన మడమ మీదికి బరువు జారితే తూలతారు. ఎత్తుగా ఎగరనక్కర్లేదు, పాదం నేల విడిచిందనిపిస్తే చాలు.

సంగీతం రెండు లెక్కల తాళం, వేగం విపరీతం. అందుకే ముందు పాట లేకుండా, నోటితో లెక్కపెట్టుకుంటూ చేయండి. నొప్పి తగ్గకపోతే సాధన ఆపి వైద్యుడికి చూపించండి.

ప్రశ్న: ఫ్రేవో ఆడేవాళ్లు చేతపట్టే చిన్న గొడుగును ఎప్పుడు పట్టాలి?

జవాబు: కాళ్లు చూడకుండా అడుగు పడుతున్నప్పుడు. కుడిచేత్తో, మోచేయి వంచి, వదులుగా పట్టండి. తొడ కింద నుంచి రెండో చేతికి అందించేటప్పుడు చాలామంది గొడుగునే చూస్తారు, నడుము వంకరపోయి తాళం తప్పుతుంది. ఫ్రేవో పుట్టిన బ్రెజిల్ నగరం రెసీఫే వీధుల్లో మిలిటరీ బ్యాండ్ల ముందు కపోయెరా (బ్రెజిల్ యుద్ధకళ) ఆటగాళ్లు నడిచిన రోజుల్లో ఈ బుల్లి రంగుల గొడుగు లేదు, మామూలు పెద్ద గొడుగులే ఉండేవి.

ప్రశ్న: వీధి నాట్యానికి పాఠాలు ఎవరు కట్టారు?

జవాబు: ఈ విషయంలో మొదట తలచుకోవాల్సిన పేరు నసిమెంటో దు పాసో. బ్రెజిల్‌లోని అమెజోనాస్ రాష్ట్రంలో పుట్టి, రెసీఫే చేరి, 1973లో అక్కడ బడి పెట్టారు. అంతవరకు ఊరేగింపులో పక్కవాళ్లను చూసి నేర్చుకోవడమే. ఆయన అడుగులకు వరుస కట్టి, పద్ధతి ప్రకారం నేర్పారు. 2009లో కన్నుమూశారు. ఆ పద్ధతినే గెర్రేరోస్ దు పాసో బృందం 2005 నుంచి రెసీఫేలో ఆరుబయట నేర్పుతోంది. 1996లో నగరపాలక సంస్థ కూడా ఫ్రేవో బడి తెరిచింది. ఫ్రేవోకు యునెస్కో గుర్తింపు 2012లో వచ్చింది.

వరుస తెలిస్తే సరిపోదు. ఫ్రేవోలో ఎవరి ఆట వారిదే, అప్పటికప్పుడు అల్లుకోవాలి. అందరూ ఒకే అడుగు ఒకేసారి వేసే వేదిక ప్రదర్శనలు కంటికి బాగుంటాయి గానీ, వాటితోనే ఆగిపోతే సగం ఫ్రేవో పోయినట్టే. నాలుగడుగులు వచ్చాక రోజూ ఒక పాటకు మీ ఇష్టమొచ్చిన క్రమంలో ఆడండి. పరఫూజో (మరచుట్టు) మాత్రం చివరికి ఉంచుకోండి. అందులో పాదం పైభాగం నేలకు ఆని, శరీరం నెమ్మదిగా కిందికి దిగుతుంది. తొందరపడితే చీలమండ మెలిపడుతుంది.