నాన్న నూనె మిల్లు నడిపేది అక్క, అడ్డుపడేది తమ్ముళ్లు: ఎవరి వాటా ఎంత?

నాన్న పోయాక అనంతపురంలోని వేరుశనగ నూనె మిల్లును కార్పొరేటరైన అక్క నడుపుతోంది, తమ్ముళ్లు అడ్డుపడుతున్నారు, గొడవ పేపర్లకెక్కింది. ఇందులో ఎవరి వాటా ఎంతని మీరు అడిగారు. ముందు ఆస్తి ఎవరిదో తేల్చండి. నాన్న స్వార్జితమై వీలునామా లేకపోతే అమ్మ, కొడుకులు, కూతుళ్లకు సమాన వాటా. పిత్రార్జితమైనా హిందూ వారసత్వ చట్టానికి 2005లో చేసిన సవరణతో కూతురు కొడుకుతో సమానం. పెళ్లయినా, అప్పటికి నాన్న లేకపోయినా సరే (సుప్రీంకోర్టు, 2020). 20-12-2004కి ముందే రిజిస్టరైన పంపకాలను మాత్రం కదపలేరు.

అసలు చిక్కు వ్యాపారంలోనే. నాన్న ఒక్కరి పేరున ఉన్న జీఎస్టీ నంబరు మీద అక్క బిల్లులు కొట్టకూడదు: కొత్త రిజిస్ట్రేషన్ తీసుకుని, ఐటీసీ-02 అనే ఫారంతో పాత క్రెడిట్ (కొనుగోళ్లపై కట్టిన పన్నుకు వచ్చే మినహాయింపు) మార్చుకోవాలి. మిల్లు నడిపినంత మాత్రాన స్థలంలో అక్క వాటా పెరగదు.

దావాకు ముందు సబ్ రిజిస్ట్రార్ దగ్గర ఈసీ (ఆస్తిపై రిజిస్టరైన లావాదేవీలు చూపే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీయించండి. పంపకాల దావా వల్ల కార్పొరేటర్ పదవి పోదు.