గొంతు గరుకైతే పాట రాదా?

ప్రశ్న: అక్కా, నాకు పంతొమ్మిదేళ్లు, డిగ్రీ చదువుతున్నా. చిన్నప్పటి నుంచీ నాది బొంగురు గొంతు. కాలేజీ ప్రోగ్రామ్‌కి పేరిస్తే "నీది పాడే గొంతు కాదమ్మా, కోరస్‌లో నిలబడు" అన్నారు. మా ఫ్రెండ్ జానిస్ జోప్లిన్ అనే ఆమె పాటలు వినమంది. విన్నాను, భయమేసింది, మళ్లీ విన్నాను. ఎవరీమె? పాడుతోందా, అరుస్తోందా?
- ఒక పాఠకురాలు, తిరుపతి

జవాబు: భయమేసినా మళ్లీ విన్నావంటే సగం జవాబు నీకే తెలుసు. పాడుతోందమ్మా. ఎక్కడ గొంతెత్తాలో, ఎక్కడ ఠక్కున ఆపి గుసగుసలోకి దిగాలో ఆమెకు లెక్క ఉంది. ఈసారి అరుపులు పక్కనపెట్టి, ఆగిన చోట్లు విను. పూర్ణకుంభం సర్కిల్‌లో ఎమ్మెస్ సుబ్బులక్ష్మి విగ్రహం చూస్తూ తిరిగేవాళ్లం కదా, ఆడగొంతంటే అలా ఒక్క రకంగానే ఉండాలని మనకో నమ్మకం.

జానిస్ అమెరికా రాక్ గాయని. 1943లో టెక్సాస్‌లోని పోర్ట్ ఆర్థర్‌లో పుట్టింది. ఆయిల్ రిఫైనరీల ఊరు. లావుగా ఉందని, మొహం నిండా మొటిమలని స్కూల్లో ఏడిపించారు. ఆస్టిన్ యూనివర్సిటీకి పోతే అక్కడెవరో 'క్యాంపస్‌లో అందరికంటే వికారమైన మగాడు' అనే పోటీకి ఈమె పేరిచ్చారు. చూడు, ఎంత ఘోరమో! ఆ రోజుల్లో ఆమెకు తోడు బెస్సీ స్మిత్, మా రెయినీ లాంటి నల్లజాతి గాయనుల రికార్డులే, ఆ గొంతు అక్కడ్నుంచి వచ్చిందే.

1966లో శాన్‌ఫ్రాన్సిస్కో వెళ్లి బిగ్ బ్రదర్ అండ్ ది హోల్డింగ్ కంపెనీ అనే బ్యాండ్‌లో చేరింది. 1967 జూన్‌లో కాలిఫోర్నియాలోని మాంటెరీ సంగీత పండగలో శనివారం పాడితే జనం ఊగిపోయారు, కానీ బ్యాండ్ మేనేజర్ ఒప్పుకోక కెమెరాలు తీయలేదు, దాంతో ఆదివారం మళ్లీ పాడించి తీశారు. ఆ వీడియోలో ముందు కూర్చున్న కాస్ ఎలియట్, తానూ పేరున్న సింగరే, నోరెళ్లబెట్టి "వావ్" అనడం కనిపిస్తుంది. 1968లో వాళ్ల ఆల్బమ్ అమెరికాలో ఎనిమిది వారాలు నంబర్ వన్. ఆ ఏడాది చివరికల్లా ఆమె ఆ బ్యాండే వదిలేసి, బాకాలు, శాక్సోఫోన్లు ఉన్న కొత్త బ్యాండ్ పెట్టుకుంది. చాలామంది తిట్టారు. ఆమెలా జుట్టులో ఈకలు ఎవరైనా పెట్టుకుంటారు, చేతిలో ఉన్న నంబర్ వన్ వదులుకోవడానికే దమ్ము కావాలి.

నువ్వు పాడు. ఒక్క మాట, గొంతు చించుకుంటే ఆ గరుకు రాదు, గొంతే పోతుంది. ఉన్నట్టుండి గొంతు మారి రెండు మూడు వారాలైనా తగ్గకపోతే ఈఎన్‌టీ డాక్టర్‌కి చూపించుకో.

ప్రశ్న: మా పాప పొద్దస్తమానం ఈవిడ పాటలే పెడుతోంది. మత్తుమందుతో 27 ఏళ్లకే పోయిన మనిషి దగ్గర పిల్లలు నేర్చుకునేదేముంది?
- ఒక తండ్రి, చిత్తూరు

జవాబు: మీ టెన్షన్ అర్థమైంది అన్నా, దాచేదేమీ లేదు. 1970 అక్టోబర్ 4న హాలీవుడ్‌లో హోటల్ గదిలో హెరాయిన్ మోతాదు మించి చనిపోయింది. అప్పటికి ఆల్బమ్ రికార్డింగ్ నడుస్తోంది. ఒక పాటకు వాయిద్యాలు సిద్ధం చేసి ఆమె వచ్చి పాడటం కోసం ఉంచారు, ఆమె రాలేదు. గొంతు లేకుండానే ఆ పాటను ఆల్బమ్‌లో పెట్టారు. మీ పాపకు అది వినిపించండి, మీరు తిట్టే పనుండదు.

ఇంకోటి కూడా చెప్పండి. బెస్సీ స్మిత్ 1937లో చనిపోతే ముప్పై ఏళ్లకు పైగా సమాధి మీద రాయి కూడా లేదు. 1970 ఆగస్టులో రాయి వేయిస్తే సగం ఖర్చు పెట్టుకున్నది జానిసే. తనకు పాట నేర్పిన గొంతుకు బాకీ తీర్చుకుంది, ఆ తర్వాత రెండు నెలలకే తనూ పోయింది.

ప్రశ్న: జానిస్‌లా ఈకల వేషం, బూతు మాటలు మన ఊళ్లో అయితే ఒప్పుకుంటారా?
- ఒక పాఠకుడు, తిరుపతి

జవాబు: గంగజాతరలో మగవాళ్లు చీరలు కట్టి, రంగులు పూసుకుని, నోటికొచ్చిన బూతులు తిట్టి మొక్కు తీర్చుకునే ఊరు మనది. అడగాల్సిన ప్రశ్నేనా?

ప్రశ్న: ఒక్క టేక్‌లో పాడిన పాట ఉందంటారు, నిజమా?
- శ్రీకాళహస్తి నుంచి

జవాబు: నిజమే. 'మెర్సిడెస్ బెంజ్', 1970 అక్టోబర్ 1న, పోయే మూడు రోజుల ముందు, వాయిద్యం ఒక్కటీ లేకుండా పాడింది. దేవుడా నాకో కారిప్పించు అని అడిగే పాట, మనుషుల ఆశ మీద వేళాకోళం. కొత్త బండి కొనగానే కాణిపాకం తీసుకెళ్లి నిమ్మకాయలు తొక్కించే మన జిల్లా వాళ్లకు దీన్ని విడమరిచి చెప్పాలా?